రుణండు

"రుణండు అంటే ఏంటండీ?"

తడిసిన గొడుగు గుమ్మం దగ్గర పెట్టకుండానే అడిగింది ఆమె. ప్రచురణ సంస్థ ఎడిటర్ టీ గ్లాసు దించి, ఆమె చేతిలోని ప్రూఫు వైపు చూశాడు.

"ఏ పేజీలో?"

"ఏ పేజీలో లేదో అడగండి."

ఆమె డబ్బు విషయాల మీద పత్రికలకు వ్యాసాలు రాస్తుంది. ఏ పత్రికలోనూ ఉద్యోగం లేదు, ఫ్రీలాన్స్. వచ్చే ఆదాయంతో ఇల్లు ఎలా నెట్టుకురావాలో చెప్పే ఆమె మొదటి పుస్తకం ఆ సాయంత్రమే ప్రెస్సుకు వెళ్లాలి.

"వినండి. 'జీతం చేతికొచ్చింది. రుణండు ఏం చేయాలి?' ఇంకోటి. 'రుణండప్పుడు భార్యాభర్తలు కూర్చుని మాట్లాడుకోవాలి.' ఎవరండీ ఈయన? మీ చుట్టమా?"

ఎడిటర్ ముఖం వాడిపోయింది. 'అప్పు' అన్న మాట మోటుగా ఉందని, నిన్న కంప్యూటర్లో ఒక్క నొక్కుతో అన్నిచోట్లా 'రుణం' చేశాడు. అది 'అప్పుడు'ను కూడా వదల్లేదు.

"రుణం అంటే కాస్త గౌరవంగా ఉంటుందని..."

"రుణం బ్యాంకువాళ్లు ఇస్తారు. అప్పు మనం చేస్తాం. నా పాఠకులు ముఖం చాటేసుకు తిరిగేది అప్పు వల్లే. వాళ్లకి అర్థం కాకపోతే నేను రాయడమెందుకు?"

దేవుడి ముందు ఉన్నదున్నట్టు చెప్పుకునే మనిషి, సాటి మనిషికి చెప్పేటప్పుడు మాటకు ఇస్త్రీ ఎందుకు చేస్తాడో.

"నా పుస్తకం నాకిచ్చేయండి. వేరేచోట వేయించుకుంటాను."

"సాయంత్రందాకా టైముంది. మీరు చదవండి, నేను దిద్దుతాను. లేదా ఒక్క నొక్కుతో అన్నీ వెనక్కి..."

"ఆ మీట మీంచి చెయ్యి తీయండి. రుణం అని నేనే రాసినవీ ఉన్నాయి."

ఆమె విసుక్కుంటూ చదివింది. అతను తల వంచుకుని దిద్దాడు. బయట వాన తగ్గింది.

"ముందే ఫోన్ చేసి అడిగుంటే సరిపోయేదిగా?"

"ఫోన్‌లోనే తిట్టేసి పెట్టేస్తారు. ఇక్కడిదాకా రారు."

ఆమె చదవడం ఆపింది. "పోయినసారి ప్రూఫులో కామాలు తీసేసింది అందుకేనా?"

"కామాలు కావాలనే తీశాను. ఇది మాత్రం నిజంగా తెలివితక్కువతనమే."

"మిమ్మల్ని ఏం చేసినా పాపం లేదు."

"అమ్మ కూడా అదే అంది. మీ గురించి ఇంట్లో చెప్పేశాను."

"ఏం చెప్పారు? ఒక నెల డబ్బొస్తే ఇంకో నెల రాదనా?"

"అదీ చెప్పాను. తను అడిగింది ఒక్కటే, ఆ అమ్మాయికి నువ్వు నచ్చావా అని. నాకు తెలీదన్నాను."

ఆమె చివరి పేజీ మీద సంతకం చేసి, కాగితాల కట్ట అతని ముందుకు తోసింది.

"ప్రెస్సుకు పంపించి, ఇంటికి ఫోన్ చేయండి. నచ్చాడని చెప్పండి. ఆ ఒక్క మాటైనా దిద్దకుండా చెప్పండి."