స్టీరింగ్ మీద ఒక్క వేలు

"ఎందుకు నవ్వుతున్నారు?"

అద్దం దించగానే ఆ అమ్మాయి అడిగిన మొదటి మాట అది. లైసెన్స్ అడగలేదు, పేరు అడగలేదు. నేనేమో నిజంగానే నవ్వుతున్నాను. మా కౌంటీ పోలీసులు, అంటే షెరిఫ్ మనుషులంతా నన్ను చిన్నప్పటి నుంచి ఎరిగినవాళ్ళు. బండి ఆపితే రెండు చీవాట్లు పెట్టి, మా నాన్న ఎలా ఉన్నాడో అడిగి పంపించేస్తారు. ఈవిడెవరో కొత్త. టోపీ కింద ఎర్రటి జుట్టు, ముక్కు మీద గోధుమ దుమ్ము, మడత నలగని యూనిఫామ్.

"ఏం లేదండీ. ఎదురొచ్చేటప్పుడు మీకు వేలెత్తాను కదా, మీరు ఎత్తలేదు. చూసుకోలేదేమో, వెనక్కి తిరిగొచ్చి పలకరిస్తున్నారేమో అనుకున్నాను."

"అరవై ఐదులో వెళ్ళాల్సిన చోట ఎనభై రెండులో వెళ్తూ వేలెత్తారు. లైసెన్స్ ఇవ్వండి."

నా నవ్వు అక్కడే ఆగిపోయింది.

కాన్సస్‌లో మా వైపు రోడ్ల మీద ఎదురుగా ఏ బండి వచ్చినా స్టీరింగ్ మీంచి వేలెత్తుతాం. అదే మా నమస్కారం, అదే మా కుశల ప్రశ్న. ఎత్తలేదంటే ఊరికి కొత్తయినా అయ్యుండాలి, మన మీద పీకల దాకా కోపమైనా ఉండాలి. ఈవిడ జరిమానా టికెట్ రాసే వేగం చూస్తే రెండూ ఉన్నట్టే అనిపించింది. కాగితం మీద సంతకం చూశాను. డిప్యూటీ టెస్సా లిండ్.

"గ్రాడీ ప్రూయిట్ గారూ, ఏడాదిలో ఇది మీకు మూడో టికెట్. తెలుసుగా?"

తెలుసు. మూడైతే లైసెన్స్ పోతుందనీ తెలుసు. కానీ అది నాకు జరుగుతుందని కలలో కూడా అనుకోలేదు. సస్పెన్షన్ ఉత్తరం వచ్చిన రోజు దాన్ని తిప్పి తిప్పి చదివాను, ఎక్కడైనా వేరేవాడి పేరుందేమోనని. నా పేరే ఉంది. మా ఇంటికీ, నేను పనిచేసే ధాన్యం గోదాముకీ మధ్య పద్నాలుగు మైళ్ళ గోధుమ చేలు. బస్సంటే మా వైపు బడి పిల్లలకే. నడిచి వెళ్తే చేరేసరికి పని మానేసి ఇంటికొచ్చే వేళవుతుంది.

"కోతలు ముంచుకొస్తున్నాయి. నువ్వు రాకపోతే ఇంకొకణ్ణి పెట్టుకుంటా" అన్నాడు గోదాము యజమాని. ఆయన మాటంటే మాటే.

కోర్టుకెళ్ళి కాళ్ళావేళ్ళా పడ్డంత పని చేశాను. ముసలి జడ్జిగారు కళ్ళజోడు మీంచి నన్ను చాలాసేపు చూసి, చివరికి కొద్దిపాటి అనుమతి ఇచ్చారు. ఇంటి నుంచి పనికి, పని నుంచి ఇంటికి. ఆదివారం చర్చికి. జబ్బు చేస్తే డాక్టరు దగ్గరికి. అదీ పగటిపూట, ఉత్తర్వులో రాసిన రోడ్ల మీదే.

"ఇంకెక్కడైనా నీ బండి కనిపించిందో, ఏడాది పాటు స్టీరింగ్ సంగతి మర్చిపో" అన్నారు.

"కనిపించదండీ. ఒట్టు."

అప్పటి నుంచి రోజూ పొద్దున్నే ఒకే దారి. ఆ దారిలో నాలుగు రోడ్ల కూడలి. ఆ కూడలిలో ఆ అమ్మాయి కారు. నేను వేలెత్తేవాణ్ణి. ఆవిడ రాయిలా కూర్చునేది. మర్నాడు మళ్ళీ ఎత్తేవాణ్ణి. మళ్ళీ రాయే. మొదట్లో కోపంతో ఎత్తాను, తర్వాత పంతానికి ఎత్తాను. ఆ తర్వాత ఒకరోజు కూడలిలో కారు లేకపోయేసరికి రోజంతా ఏదో పోగొట్టుకున్నట్టు తిరిగాను. నాకు మతిపోయింది. నా లైసెన్స్ ఊడగొట్టిన మనిషి కోసమా ఈ బెంగ!

ఆదివారం చర్చిలో వెనక బల్ల మీద కూర్చుంటే పక్కనే గొంతు వినిపించింది.

"ప్రార్థనకొచ్చారా, పికప్ ట్రక్కు నడుపుకోడానికొచ్చారా?"

తిరిగి చూస్తే డిప్యూటీగారు. నీలం గౌను, విరబోసుకున్న జుట్టు.

"రెండూ... అంటే... దేవుడి దగ్గరికి రావడానికి జడ్జిగారు ఒప్పుకున్నారండీ."

"దేవుడు ఒప్పుకున్నాడా మరి?"

ఆవిడ పక్కనున్న పెద్దావిడ పకపకా నవ్వింది. వెర్నా మామ్మ. ఉత్తరం రోడ్డులో కోళ్ళు పెంచుకుంటూ ఒంటరిగా ఉంటుంది. ఆవిడ తెలియనివాళ్ళు మా ఊళ్ళో లేరు. "మా మనవరాలయ్యా. నాకు తోడుంటానని విచిటా నుంచి ఉద్యోగం మార్పించుకుని వచ్చింది. పట్నం పిల్ల, నవ్వడానికి కొంచెం టైం పడుతుంది" అంది.

"అమ్మమ్మా!"

ఆ సాయంత్రం చర్చిలో విందు. అందరూ ఇళ్ళ నుంచి వంటలు తెచ్చారు. బల్లలు మడిచి లోపల పెట్టేసరికి బయట ఒకటే వాన, దాంతోపాటే చీకటి. నేను నా తెల్ల పికప్ వైపు పరిగెత్తబోతుంటే గొడుగు ఒకటి అడ్డం వచ్చింది.

"చీకటి పడింది. బండి కదిలిస్తే నేను పట్టుకోవాలి."

"మీరిప్పుడు డ్యూటీలో లేరుగా?"

"కళ్ళు ఎప్పుడూ డ్యూటీలోనే ఉంటాయి. నా కారెక్కు."

మీరు పోయి నువ్వు వచ్చిందని నేను గమనించేలోపే తను కారు తాళం తీస్తోంది. నాకు నవ్వాగలేదు.

"చర్చి ముందు కూడా తాళమేస్తావా?"

"మరి నువ్వు?"

"తాళంచెవి బండిలోనే ఉంటుంది. ఊళ్ళో అందరిదీ అంతే."

తను నిజంగానే నిర్ఘాంతపోయింది. "ఎవరైనా ఎత్తుకుపోతే?"

"ఎత్తుకుపోయి ఎక్కడ దాస్తాడు? ఊళ్ళో సగం తెల్ల పికప్‌లే. ఏది ఎవరిదో యజమానికే తెలీదు."

వాన అద్దం మీద కొడుతుంటే మెల్లగా నడుపుతోంది. జుట్టు తడిసి చెంపకి అతుక్కుంది. చూడకూడదనుకుంటూనే చూశాను.

"ఒక మాట అడగనా? రోజూ వేలెత్తుతాను. నువ్వు ఒక్కసారి కూడా ఎత్తవేం?"

"డ్యూటీలో ఉండి ఒకరికి ప్రత్యేకంగా ఎత్తకూడదు."

"ప్రత్యేకం ఏముంది? మేం అందరికీ ఎత్తుతాం."

"అందరికీనా?" అంది. ఆ గొంతులో ఏదో తగ్గింది. ఎంత వెధవ మాట అన్నానో ఇంటి ముందు దిగి తన కారు వెళ్ళిపోయాక గానీ నాకు అర్థం కాలేదు.

ఆ మంగళవారం మధ్యాహ్నమంతా గోదాము పైన ధాన్యం మోసే బెల్టు శుభ్రం చేస్తూ ఒక్కణ్ణే ఉన్నాను. కిందకొచ్చి పికప్ ఎక్కితే మోకాళ్ళు స్టీరింగ్‌కి కొట్టుకున్నాయి. సీటు ముందుకి జరిగి ఉంది! రేడియో పెడితే భక్తి పాటలు. ఇది కచ్చితంగా నాతో పనిచేసే డెల్మర్ గాడి వేళాకోళమే.

"ఒరేయ్, నా సీటెందుకు జరిపావురా?"

"నాకేం పని? ఇవాళ అందరూ నా మీదే పడుతున్నారేంట్రా బాబూ!" అన్నాడు వాడు.

నేను నమ్మలేదు.

రెండు రోజులకి కోర్టు నుంచి సమన్లు వచ్చాయి. మంగళవారం మధ్యాహ్నం ఉత్తరం రోడ్డులో నా పికప్ కనిపించిందట. అనుమతి ఎందుకు రద్దు చేయకూడదో వచ్చి చెప్పాలట. ఫిర్యాదు చేసింది డిప్యూటీ టెస్సా లిండ్.

ఉద్యోగం పోతుందన్న భయం తర్వాత వచ్చింది. ముందు వచ్చింది ఆ పేరు చూసిన దెబ్బ.

ఆదివారం చర్చి మెట్ల మీదే పట్టుకున్నాను.

"నేను ఆ రోడ్డు మొహమే చూడలేదు టెస్సా!"

"నీ బండి నంబరు చూశాను."

"నన్ను చూశావా?"

"ఎదురెండ. అద్దం మెరుస్తోంది. మొహం కనపడలేదు."

"మరెందుకు రాశావ్?"

"చూసింది రాశాను. చూడనిది రాయలేదు. తెలిసినవాడివని వదిలేస్తే నాకీ బ్యాడ్జి ఎందుకు?" తన కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. "కోర్టుకి రా గ్రాడీ. నన్ను అడిగినప్పుడు తెలిసిందంతా చెప్తాను."

ఇంకా ఏం చెప్తుంది నా మొహం! మూడు రాత్రులు నిద్రపోలేదు.

కోర్టు రోజున మా ఊరు ఊరంతా దిగింది. మా వైపు ఇంతకు మించిన వినోదం లేదు. డెల్మర్ వచ్చాడు. వెర్నా మామ్మ మనవరాలు సాక్ష్యం చెప్తుంటే చూడాలని కొత్త టోపీ పెట్టుకుని ముందు వరసలో కూర్చుంది.

నేను సీటు సంగతీ, పాటల సంగతీ చెప్పాను. అందరూ నవ్వారు. జడ్జిగారు నవ్వలేదు.

"అంటే ఎవరో నీ బండి తీసుకెళ్ళి, భక్తి పాటలు విని, మళ్ళీ తెచ్చి పెట్టారంటావ్."

"వింటుంటే నాకే నమ్మబుద్ధి కావట్లేదండీ."

తర్వాత టెస్సా లేచింది. చూసింది చూసినట్టు చెప్పింది. రోడ్డు, వేళ, నంబరు, మొహం కనపడని సంగతి. ఒక్కో మాటకీ నా ఉద్యోగం ఒక్కో అడుగు దూరం జరుగుతున్నట్టుంది.

"ఇంకేమైనా ఉందా?" అన్నారు జడ్జిగారు.

"ఉందండీ. ఆ బండి నడిపింది గ్రాడీ కాదని నా నమ్మకం."

కోర్టులో గుసగుసలు లేచాయి.

"మొహం కనపడలేదన్నారుగా?" అన్నారు జడ్జిగారు.

"చెయ్యి కనపడింది. ఆ మనిషి నన్ను చూసి అరచెయ్యి మొత్తం పైకెత్తి, కోడి రెక్క కొట్టుకున్నట్టు ఊపారు. గ్రాడీ అలా ఊపడు. కుడిచేతి చూపుడు వేలు, అదీ సగం వరకే ఎత్తుతాడు. తర్వాత ఆ వేలితోనే స్టీరింగ్ మీద రెండుసార్లు తడతాడు."

నేను తడతానా? నాకే తెలీదు!

జడ్జిగారు కళ్ళజోడు తీశారు. "ఇదంతా మీకెలా తెలుసు డిప్యూటీ?"

"రోజూ పొద్దున్న చూస్తానండీ."

"ఆ దారిన చాలామంది వెళ్తారు. మిగతావాళ్ళు ఎలా ఎత్తుతారు?"

టెస్సా మెడ దగ్గర మొదలైన ఎరుపు చెవుల దాకా పాకింది.

"మిగతావాళ్ళని... అంతగా గమనించలేదండీ."

వెనక బల్లల నుంచి ఎవరో ఈల వేశారు. ఏడాది పాటు బండి పోయినా ఫరవాలేదు, ఆ ఒక్క మాట చాలనిపించింది.

"ఆగండాగండి!" ముందు వరసలో కొత్త టోపీ లేచింది. "మంగళవారమా? ఉత్తరం రోడ్డా? ఏమే టెస్సా, అది నేనేనే! అంతలా చెయ్యి ఊపితే పలకనైనా పలకలేదు. సొంత మనవరాలికి ఇంత పొగరేంటని రాత్రి అడుగుదామనుకున్నా, నువ్వొచ్చేసరికి నిద్రపోయా!"

"అమ్మమ్మా?" టెస్సా బల్ల పట్టుకుంది.

"కోళ్ళ దాణా కోసం గోదాముకెళ్ళా. ఆఫీసులో కాసేపు మాట్లాడి, బయటకొచ్చి నా తెల్ల పికప్ ఎక్కా. సీటెవరు వెనక్కి లాగారా అని తిట్టుకుంటూ ముందుకి జరుపుకున్నా. ఇంటికెళ్ళి చూస్తే వెనకాల బస్తాలే లేవు! మళ్ళీ వచ్చి లోపల ఈ డెల్మర్ని నాలుగు కడిగి బయటకొస్తే, బండిలో బస్తాలున్నాయి. నా తిట్లకి భయపడి వేశారనుకున్నా."

"అవి ముందు నుంచీ నీ బండిలోనే ఉన్నాయి మామ్మా!" డెల్మర్ ఏడుపు గొంతుతో అరిచాడు. "ఒకటే రోజు ఇద్దరి చేతా తిట్లు తిన్నా!"

జడ్జిగారు నవ్వు ఆపుకోలేక దగ్గారు. "ఈ గదిలో తెల్ల పికప్‌లో వచ్చి, తాళంచెవి బండిలోనే వదిలినవాళ్ళు చేతులెత్తండి."

చేతులే చేతులు. టెస్సా ఆ చేతుల్ని చూస్తూ నిలబడిపోయింది. అందరికంటే ఆఖరున, మొహమాటంగా, జడ్జిగారి చెయ్యి కూడా లేచింది.

నా అనుమతి నిలబడింది. ఉద్యోగమూ నిలబడింది.

"ఉత్తర్వులో మార్పేమైనా కోరతావా?" అన్నారు జడ్జిగారు వెళ్ళబోతూ.

ఎక్కడి నుంచి వచ్చిందో ధైర్యం. "ఉత్తరం రోడ్డులో ఒక ఇల్లు కలపాలండీ."

"పని, ప్రార్థన, వైద్యం. ఇందులో దేని కింద?"

"వైద్యం కింద రాసెయ్యండి. ఇద్దరికీ అవసరమే" అంది వెర్నా మామ్మ. "ఆదివారం భోజనానికి రావయ్యా, కోడి కూర వండుతా."

"కుదరదు. చట్టంలో ప్రేమకి చోటు లేదు" అని జడ్జిగారు లేచి వెళ్ళిపోయారు. టెస్సా నా వైపు చూడకుండా కాగితాలు సర్దుకుని ఆయన వెనకే వెళ్ళింది.

మర్నాడు పొద్దున కూడలిలో తన కారు ఉంది. వేలెత్తాను, సగం వరకే. ఆ తర్వాత, నిజమే, వేలు దానంతటదే రెండుసార్లు తట్టింది.

అద్దం వెనక తన చెయ్యి కదిలింది. చూపుడు వేలు లేచింది, సగం వరకే. స్టీరింగ్ మీద రెండుసార్లు తట్టింది.

ఆ దెబ్బకి రోడ్డు మధ్యలో బ్రేకు తొక్కేశాను. వెనకొస్తున్న రైతు హారన్ కొట్టాడు. నేను కదల్లేదు. అప్పుడు డిప్యూటీ కారు మీదున్న మైకు గరగరమని మోగింది.

"గ్రాడీ ప్రూయిట్! దారికి అడ్డం తియ్యి, పనికి ఆలస్యమవుతుంది. ఆదివారం నేనే వచ్చి ఎక్కించుకుంటాను. నా పక్క సీటుకి ఏ జడ్జి అనుమతీ అక్కర్లేదు!"

గోధుమ చేలన్నీ విన్నాయి. వెనకున్న రైతు హారన్ ఆపి, అద్దంలోంచి నాకు వేలెత్తాడు.