రెండు వందల యాభై ఆరు చీటీలు

"మూడింటికి భావనపాడు నుంచి బోట్లు కదుల్తాయి. వాటిలో ఒకదాంట్లో బాంబుంది. ఏ బోటో తెలీదు. కనిపెట్టు," అన్నాడు చీఫ్ చలపతిరావు. ఆయన బ్రీఫింగులన్నీ అంతే. కష్టమంతా చివరి మాటలో పెట్టి ఫోన్ పెట్టేస్తాడు.

2001 ఫిబ్రవరి. టార్గెట్, ఆ సాయంత్రం తీరం దగ్గరికి వచ్చే నేవీ షిప్. బోట్లన్నీ ఆపేస్తే ఎక్కడినుంచో చూస్తున్నవాడు రిమోట్ నొక్కేస్తాడు. ఒడ్డున చేపలు అమ్మేవాళ్లు, కొనేవాళ్లు, ఎండబెట్టేవాళ్లు వందల్లో ఉంటారు.

ముంబై జీడిపప్పు వ్యాపారి వేషంలో ఏజెంట్ జయంత్ పలాస ఫ్యాక్టరీలో దిగేసరికి పన్నెండు. సిల్క్ షర్టు, రెండు ఉంగరాలు, సూట్‌కేసులో బ్యాటరీ వైర్‌లెస్. ఎక్స్‌పోర్ట్ మేనేజర్ జ్యోత్స్న నల్లకళ్లద్దాలు తీయకుండానే అడిగింది.

"ఏ గ్రేడ్ కావాలి?"

"వానలో తడవనిది."

కోడ్ సరిపోయింది. విదేశీ ముఠా దగ్గర పనిచేస్తూ మన డిపార్ట్‌మెంటుకు సమాచారమిచ్చే డబుల్ ఏజెంట్ ఆమె. అందంగా ఉంటుంది. నమ్మాలనిపిస్తుంది, అదే చిక్కు.

ఆమె ఒక ప్లాస్టిక్ సంచి బల్లమీద పెట్టింది. "ఎక్స్‌పోర్ట్ టిన్నుల్లో దొరికాయి. 256 చీటీలు. ఒక్కోదాని మీద ఐదంకెల నంబరు, ఒక అక్షరం. నంబర్ల వరసలో పేర్చి అక్షరాలు కలిపి చదివితే వాళ్ల ఆర్డర్ బయటపడుతుంది, బోటు వివరంతో సహా. కంప్యూటర్లో కొడితే సార్ట్ చేయడానికి సెకను."

కంప్యూటర్ ఆన్ చేసింది. తలమీద ఫ్యాను ఆగిపోయింది. మెయిన్ కేబుల్ ఎవరో నరికేశారు.

జయంత్ చీటీలు నేలమీద వరసగా పరిచాడు. పక్కపక్కనున్న రెండింటిని చూడడం, పెద్దది ముందుంటే తారుమారు చేయడం, మళ్లీ మొదటికి రావడం.

"దీన్ని బబుల్ సార్ట్ అంటారు," అంది జ్యోత్స్న గోళ్లు చూసుకుంటూ. "ఒక్కో చుట్టుకు ఒక్క పెద్ద నంబరు చివరికి చేరుతుంది. మొత్తం ముప్పై రెండు వేల పైచిలుకు పోలికలు. పోలికకు రెండు సెకన్లు వేసుకున్నా పద్దెనిమిది గంటలు."

"ఇంకో పద్ధతి లేదా?"

"కాలేజీలో చెప్పారు. మర్చిపోయాను."

అబద్ధమని జయంత్‌కు తెలుసు. కేబుల్ ఎవరు నరికించారో కూడా అప్పుడే తెలిసింది. కానీ ఆమెను అరెస్టు చేస్తూ కూర్చునే టైము లేదు. రెండూ పది అయ్యేసరికి పదమూడు చీటీలే చివరికి చేరాయి.

పప్పు ఏరే ఆడవాళ్లకు పెద్దదిక్కు గంగమ్మ, కరెంటు ఎప్పుడొస్తుందో అడగడానికి వచ్చి గుమ్మంలో నిలబడిపోయింది.

"ఏటి సేత్తన్నావు బాబూ?"

"వరసలో పెడుతున్నాను."

"ఇలగ పెడితే నువ్వు ముసలోడివైపోతావు. ఒగ్గేయ్. లారీకి టిన్నులు నంబర్ల వరసన కట్టేది మేవే."

పదిహేను మందిని కేకేసింది. తనతో కలిపి పదహారు మంది, మనిషికి పదహారు చీటీలు. ఎవరి కట్ట వాళ్లు సర్దుకున్నాక, ఇద్దరిద్దరు ఎదురెదురుగా కూర్చున్నారు.

"రెండు కట్టల్లోనూ పైదే సూడండే. సిన్నది తీసి నేల మీద వరసెట్టండి. కిందవి సూడొద్దు, అయ్యెక్కడికీ పోవు."

పదహారు కట్టలు ఎనిమిదయ్యాయి. ఎనిమిది నాలుగు, నాలుగు రెండు. జ్యోత్స్న మొదటిసారి కళ్లద్దాలు తీసింది. "మెర్జ్ సార్ట్," అంది నెమ్మదిగా.

ఆఖరి రెండు కట్టలు గంగమ్మే కలిపింది. ఆమెకు అంకెలే వచ్చు, అక్షరాలు రావు. చీటీ నేల మీద పడుతుంటే జయంత్ వైర్‌లెస్‌లోకి చదివాడు. "బోటు... ధనరాజుది..."

గంగమ్మ చెయ్యి ఆగిపోయింది. ఇంకా పద్నాలుగు చీటీలున్నాయి.

"మా తమ్ముడు బాబూ. ఆడికేటీ తెలీదు."

"మిగతావి పెట్టు గంగమ్మా. బాంబెక్కడుందో తెలియకపోతే నీ తమ్ముడే ముందు పోతాడు. అతనికేం కానివ్వను. నా మాట."

ఆమె అతని మొహంలోకి చూసి, ఒక్కొక్కటే పెట్టింది. జయంత్ చదివాడు: ఐసు పెట్టె అడుగున. వాడికి తెలీదు.

ఆ చివరి రెండు మాటలు చదివి వినిపిస్తే గంగమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంది. జయంత్‌కు కూడా గుండె తేలికైంది. అప్పుడు టైము రెండూ ముప్పై ఐదు.

చేపల వ్యాపారుల వేషాల్లో ఉన్న మన మనుషులు ఐసు కొనే నెపంతో బోటెక్కారు. మూడింటికి రెండు నిమిషాల ముందు బాంబు చల్లబడింది. ధనరాజును జీపెక్కించారు.

ఆరు నెలల తర్వాత కూడా ధనరాజు జైల్లోనే ఉన్నాడు. జ్యోత్స్నకు ఢిల్లీలో పోస్టింగ్ వచ్చింది. జయంత్ సిగ్గు విడిచి చీఫ్ ముందు నిలబడ్డాడు.

"ముఠావాళ్లే రాశారు సార్, వాడికి తెలీదని. నేను సాక్ష్యం చెప్తాను."

"కోర్టు లెక్కలో నువ్వు లేవయ్యా. బాంబు దొరికాక మనిషి దొరకలేదంటే బాగుంటుందా?"

జయంత్ ఫైలు లాక్కుని చీటీలు లెక్కపెట్టాడు. రెండు వందల యాభై. 'ఐసు పెట్టె అడుగున' దగ్గర ఆగిపోయాయి.

"ఆరు తక్కువున్నాయి సార్."

"కరెంటు పోయిన రోజు కదా," అన్నాడు చలపతిరావు ఫైలు మూస్తూ, "చీకట్లో ఎక్కడో పడిపోయుంటాయి."