తాకువెలుగు

చంద్రుడి మీద రాత్రి రెండు వారాలుంటుంది. ఆ రోజుల్లో శశిపురంలో కరెంటు పొదుపు. సొరంగాల్లో కట్టుకున్న ఇళ్లలో వంట ముగియగానే దీపాలార్పి, ఇంటిల్లిపాదీ ఎదురెదురుగా కూర్చుంటారు. కాసేపు ఎవరూ మాట్లాడరు. మొదట కాపురానికి వచ్చినవాళ్లు అవసరం కొద్దీ చేసుకున్న ఈ అలవాటే మూడు తరాలకి ఒక దర్శనమైంది. దాని పేరు తాకువెలుగు.

దాని సారం ఇక్కడ చిన్నపిల్లలకూ తెలుసు. చంద్రుడి మీద గాలి లేదు. ఎండ పక్కనుంచే పోతున్నా కనబడదు; రాయికో గోడకో తగిలితేనే కనబడుతుంది. చైతన్యమూ అంతే. ఒక్క మనిషిలో అది ఉందో లేదో తెలియదు. ఇంకొకరిని తాకినప్పుడే తెలుస్తుంది.

సుచరిత ఈ మాటలు వింటూ పెరిగి, భౌతికశాస్త్రం చదివింది. జీవకణాలు కంటికందనంత సన్నని కాంతిని, ఫోటాన్లను వదులుతుంటాయి. మనసు పూర్తిగా ఒకచోట నిలిచినప్పుడు అవి ఒక లయలోకి వస్తాయని కనిపెట్టింది. ఆ లయను పట్టి కోట్ల రెట్లు పెంచే స్ఫటికపు రేకుతో చేతనదీపం తయారుచేసింది. స్పృహలేని రోగి ముఖానికి ఎదురుగా పెడితే, లోపల మనిషి మిగిలివుంటే, అది నిమ్మపండు రంగులో వెలుగుతుంది. ఆస్పత్రివాళ్లు దాన్నే ప్రమాణంగా తీసుకున్నారు. ఊపిరి యంత్రాలు తక్కువ, వాటికోసం కాచుకున్నవాళ్లు ఎక్కువ. దీపం వెలిగినన్నాళ్లే యంత్రం.

ఇప్పుడు ఆ యంత్రం మీద ఉన్నది సుచరిత తల్లి అరుంధతమ్మ. మెదడులో నెత్తురు గడ్డకట్టినప్పటినుంచీ ఆమె కళ్లు తెరవలేదు. కోడలు కోమలి ఇంట్లోనే ఉంచి అన్నీ చూస్తోంది. కోమలి పక్కన కూర్చుంటే దీపం వెలుగుతుంది. సుచరిత కూర్చుంటే వెలగదు.

"ఏం అత్తయ్యా, ఈ వయసులో ఇంత జుట్టేమిటి మీకు? నా పిలకకి కాస్త సాయం చెయ్యకూడదూ?" కోమలి చిక్కు తీస్తూ అంటోంది. "నిన్న పప్పులో ఉప్పు మరిచిపోయాను. లేచి తిడతారనుకున్నా. తిట్టలేదు. బెంగొచ్చేసింది నాకు."

బల్లమీద దీపం మెల్లగా వెలిగింది.

గుమ్మంలో నిలబడి చూస్తున్న సుచరిత లోపలికొచ్చింది. "నువ్వు లే వదినా. నేను కూర్చుంటా."

కోమలి వంటింట్లోకి వెళ్లింది. సుచరిత తల్లి చేయి పట్టుకుంది. దీపం ఆరిపోయింది.

"అమ్మా, నేను, సుచిని."

రేకు కోణం సరిచేసింది. కాంతిని కొలిచే ముల్లు వంక చూసింది. కదల్లేదు.

"నామీద కోపం పోలేదు వదినా అమ్మకి," అంది గట్టిగా, వంటింట్లోకి వినబడేలా. "ప్రయోగశాల పట్టుకుని ఇంటిమొహం చూడలేదని."

"అదేం మాటే? అత్తయ్యకి కోపమొస్తే గిన్నెలు మోగేవి. ఇలా మూగనోము పట్టే మనిషా ఆవిడ?"

"మరి నీకు వెలిగి నాకెందుకు వెలగదు? ఒక్కసారి వెలిగితే చాలు. ఇంకేం అడగను."

వంటింట్లో కోమలి అన్నం గిన్నె దించింది.

కొన్నాళ్లకి ఊపిరి గొట్టం మార్చడానికి అరుంధతమ్మను ఆస్పత్రికి తీసుకెళ్లారు. ఆ వేళ సుచరిత ఇంటికొచ్చేసరికి కోమలి ఒక్కతే గదిలో ఉంది. ఖాళీ మంచం మీద దుప్పటి పరుస్తోంది. బల్లమీద దీపం, ఎవరూ లేని తలగడకు ఎదురుగా, నిండుగా వెలుగుతోంది.

"వదినా... దీపం."

కోమలి నాలుక్కరుచుకుంది. "అయ్యో, ఆపడం మరిచిపోయాను."

"ఇప్పుడేం అనుకుంటున్నావ్ నువ్వు?"

"ఏముంది? ఈ దుప్పటి గరుకు. అత్తయ్య వీపు ఒరుసుకుపోతుందేమోనని."

సుచరిత మంచం అంచున కూలబడింది. ఆ దీపాన్ని ఎంతోమంది రోగుల మీద పరీక్షించింది. ప్రతిసారీ రోగి పక్కన అయినవాళ్లనొకరిని కూర్చోబెట్టింది. తోడు లేని గదిలో చైతన్యాన్ని వెతకడం తాకువెలుగు ఇళ్లలో పెరిగినవాళ్లెవరికీ తోచదు. అందుకే ఇద్దరిలో అది ఎవరి వెలుగో చూడాలని ఆమెకూ తట్టలేదు. రేకు పట్టింది రోగి ముఖం మీది కాంతినే. కానీ అది అక్కడ పుట్టింది కాదు. పక్కనున్నవాళ్లలో పుట్టి, ఆ ముఖానికి తగిలి వచ్చింది.

ఇదంతా కోమలికి చెప్పింది. కోమలి చేతిలో దుప్పటి కొస అలాగే ఉండిపోయింది.

"అంటే అత్తయ్య..."

"అమ్మదే అయితే నేను కూర్చున్నప్పుడూ వెలిగేది కదా. అమ్మ ఎప్పుడో వెళ్లిపోయింది వదినా."

కోమలి వెళ్లి తలుపు మూసింది. "నోర్ముయ్. ఎవరితోనూ అనకు. నా వెలుగైతే మాత్రం ఏం? వెలుగుతోంది కదా, ఉండనీ!"

"యంత్రం కోసం బతికున్నవాళ్లు కాచుకునున్నారు వదినా."

కోమలి చాలాసేపు ఏడ్చింది. ముక్కు తుడుచుకుని, "మరి నువ్వు కూర్చున్నప్పుడు..." అని చటుక్కున ఆగిపోయింది.

"అడుగు, ఫరవాలేదు. అమ్మని చూస్తేగా వెలగడానికి? నేను ముల్లునే చూస్తూ కూర్చున్నాను."

సుచరిత ఆస్పత్రివాళ్లకి ఉన్నదున్నట్టు చెప్పేసింది. అరుంధతమ్మను ఇంటికి చేర్చాక, ఆ రెండు వారాల రాత్రి గడిచి, అద్దాల గొట్టాల్లోంచి ఎండ గదిలోకి దిగిన రోజున, యంత్రం ఆపే మనిషి వచ్చాడు.

"కాసేపు ఆగండి బాబూ," అంది కోమలి.

సుచరిత దీపానికి వీపు పెట్టి, తల్లి తల ఒళ్లోకి తీసుకుని దువ్వుతోంది. ఎప్పుడూ చేసిన పని కాదు. పాపిడి వంకరగా వచ్చింది. చెరిపి మళ్లీ తీసింది. మళ్లీ వంకరే.

"నాకు చేతకావడం లేదమ్మా," అంది చిన్నగా. "నొప్పెడుతోందా?"

ఆమె వెనక దీపం వెలిగింది. అది తన వెలుగేననుకుని కోమలి గది దాటి, నడవా చివరికి వెళ్లి నిలబడింది. అక్కణ్ణుంచి తిరిగి చూసింది. దీపం ఇంకా వెలుగుతూనే ఉంది. ఆ గదిలో అంత వెలుగు ఆమె ఎప్పుడూ చూడలేదు.

'సుచీ, వెనక్కి చూడవే' అని నోటిదాకా వచ్చింది. పిలిస్తే తిరుగుతుంది. తిరిగితే మళ్లీ దీపాన్నే చూస్తుంది.

కోమలి చప్పుడు చేయకుండా లోపలికొచ్చి, మడతపెట్టి ఉన్న అత్తగారి నేతచీర తీసి దీపం మీద కప్పింది. యంత్రం దగ్గరున్న మనిషికి తలూపింది.

యంత్రం ఆగింది. సుచరిత ఇంకా పాపిడి సరిచేస్తూనే ఉంది. చీర కింద దీపం ఆరలేదు.