పాటలో నేను కోసేసిన మాట

జెస్సికాతో నా పరిచయం పోట్లాటతోనే మొదలైంది. నంద్యాలలోని మా స్టూడియోకు పాట పాడటానికి వచ్చి, రైస్ మిల్లు పక్కన స్టూడియో పెట్టిన తెలివైనవాడెవరని అడిగింది. ఆ తెలివైన జీవన్ కుమార్‌ని నేనే. రిహార్సల్స్‌కు ఆమె వచ్చిన నెల రోజుల్లో ఆ పోట్లాటే ఇష్టమైంది, నేను మాత్రం బయటపడలేదు.

మిల్లు రొద వల్ల నాకో అలవాటైంది. గొంతును విడి ట్రాక్‌గా రికార్డ్ చేసి, పాట లేని చోట్లన్నీ వినకుండానే కోసేస్తాను. ఆమె పాటకూ అదే చేశాను. వెళ్తూ వెళ్తూ, తన ట్రాక్ మొత్తం వినమని జెస్సికా రెండుసార్లు చెప్పింది. పాట బాగా వచ్చిందని మెసేజ్ పెట్టాను. జవాబు రాలేదు. తర్వాత ఆళ్లగడ్డలో టీచర్‌గా చేరిందని తెలిసింది. పొగరనుకుని నేనూ బింకంగా ఊరుకున్నాను.

పాట మాత్రం ఊరుకోలేదు. ఆరేళ్లుగా మా వైపు ఏ పెళ్లికి వెళ్లినా అదే. అది వినబడిన రోజు నాకు అన్నం సహించేది కాదు.

మొన్న సోమవారం ఎవరో కరోకే కావాలంటే పాత ఫైళ్లు తెరిచాను. తీసేయాల్సింది ఆమె గొంతు. నేను డోలక్, కీబోర్డు, వేణువు అన్నీ ఆపేసి ఆ గొంతొక్కటే పెట్టుకున్నాను. విడిగా వింటే అందులో అంత ధీమా లేదు. పాట మధ్యలో అందరూ మెచ్చుకునే ఆమె నవ్వుకు ముందు ఊపిరి వణికింది. పల్లవికీ చరణానికీ మధ్య కోసేసిన ముక్క అసలు రికార్డింగులో అలాగే ఉంటే, దాన్ని కూడా తెరిచాను. మిల్లు రొదలోంచి ఆమె మాట్లాడింది.

"జీవన్, నువ్వు అడిగే రకం కాదు. నేనే చెప్తాండా. నువ్వంటే నాకిష్టం. ఇది విని ఫోన్ చెయ్. చెయ్యకపోతే ఇష్టం లేదనుకుంటా."

స్టూడియోలో ఒక్కణ్ణే కూర్చుని ఏడ్చాను. ఆ మధ్యాహ్నమే ఆళ్లగడ్డ బస్సెక్కాను. ఈపాటికి ఆమెకు పెళ్లయిపోయిందేమోనని దారంతా ఒకటే భయం.

బడి వదిలే వేళకు సన్నగా తుంపర పడుతోంది. గేటు దగ్గర జెస్సికా నన్ను చూసి ఆగింది, నవ్వలేదు. జరిగిందంతా చెప్పి ఇయర్‌ఫోన్స్ చేతికిచ్చాను. తన మాటలు తానే విని, ఇయర్‌ఫోన్స్ తీసి నా చేతిలో పెట్టింది.

"నువ్వు విని కూడా గమ్మునుండావనుకుంటి," అంది. "రెండు సంబంధాలు వద్దంటి. ఎందుకో ఇంట్లో చెప్పలేకపోతి."

వినుంటే ఆ రోజే పరుగెత్తుకొచ్చేవాణ్ణని, ఆమె అంటే నాకు అప్పుడూ ఇప్పుడూ ప్రాణమని చెప్పాను. సగం మాటలు నోట్లోనే గొణిగాను.

"మా నాయన దగ్గర ఇట్ల గొణిగితే కుదరదు," అంది కళ్లు తుడుచుకుంటూ. "ఆయనకు చెవుడు. గట్టిగా చెప్పాల."