కమాను మీద పట్టీల చప్పుడు

"షాకూ... ఒరేయ్ షాకూ..."

పిలుపు పైనుంచి వచ్చింది. కమాను నడినెత్తి మీంచి.

మా బాబాయి కరెంటు పని చేస్తాడని వీధివాళ్లు పెట్టిన పేరది. ఆ పేరు దెయ్యందాకా వెళ్లిందని పాపం ఆయనకి తెలీదు. సైకిలు మీంచి దించిన కాలు దించినట్టే ఉండిపోయింది. వెనక క్యారేజీ మీద ఒక గోనెసంచి, దాని మీద పాత బట్టలు...

సంచి సంగతి తర్వాత. ముందు కమాను సంగతి వినండి.

మా వీధి మొదట్లో ఒక పాత రాతి కమాను ఉంది. ఎవరు కట్టారో, ఎందుకు కట్టారో దానికున్న బోర్డు చెప్పాలి. ఆ రెండు ముక్కలూ తప్ప అది అన్నీ చెబుతుంది. 'రక్షిత కట్టడం. ముట్టరాదు, గీయరాదు, తవ్వరాదు, మార్చరాదు. అతిక్రమించినవారికి జైలు.' ఆ బోర్డుని నాలుగు పెద్ద మేకులతో కమాను రాతిలోకే దిగ్గొట్టారు.

వీధి దీపాలు వెలిగాక దాని కిందనుంచి ఎవరూ నడవరు. పైనుంచి సన్నగా ఇసుక రాలుతుంది — ఎవరో అడుగులో అడుగు వేసుకుంటూ నడుస్తున్నట్టు. కాసేపు గీకుడు... కాసేపు నిట్టూర్పు... ఇక కొన్ని రాత్రులు —

టిక్.

అంతే. ఒక్కసారే.

నేను పదోతరగతితో చదువు ఆపేసినదాన్నే కానీ, ఆ చప్పుడు వినగానే నాకు అర్థమైపోయింది. అవి పట్టీలు. కమాను కట్టిన శిల్పిని ప్రేమించిన రాకుమారి పైనుంచి దూకి చచ్చిపోయింది, దూకేటప్పుడు పట్టీ మువ్వ ఒకటి రాతికి తగిలి తెగింది, ఇప్పటికీ తెగుతూనే ఉంది. టైలరు షాపులో కాజాలు కుడుతూ ఈ మాట నలుగురితో అన్నాను. వారం తిరిగేసరికి వీధంతా ఆ కథ నాకే చెప్పడం మొదలుపెట్టింది. ఆమె ఏ రంగు బట్టల్లో దూకిందో కూడా చెప్పారు.

కమానుకి ఒక కాపలా తాత ఉన్నాడు. ఖాకీ చొక్కా, టోపీ, పురావస్తు ఆఫీసు బిళ్ల. ఆయన్నీ అడిగాను.

"అవునమ్మా, తెల్లగా ఉంటుంది. రాత్రిళ్లు ఇటు రాకండి," అన్నాడు.

ఆఫీసు మనిషే సాక్ష్యం చెప్పాక ఇంక అనుమానం ఏముంటుంది?

ఆ దెయ్యం ఎంత అదృష్టవంతురాలో! చట్టం దాని జోలికి రాలేదు. మా జోలికి వచ్చింది. కమానుకి వంద గజాల లోపల ఎవరూ ఇటుక మీద ఇటుక పెట్టకూడదు. మూడేళ్ల కిందట వానకి పిన్నివాళ్ల వంటింటి గోడ కూలింది. తిరిగి లేపుకుంటామని అర్జీ పెడితే 'పరిశీలనలో ఉంది' అన్నారు. గోడని చూడ్డానికి ఎవరూ రాలేదు కాబట్టి, పరిశీలిస్తున్నది కాగితాన్నే అయ్యుండాలి. మూడేళ్లుగా పిన్ని టార్పాలిన్ కింద వండుతోంది. ఇంకో విచిత్రం చెప్పనా? గోడ కూలకముందే ఆఫీసువాళ్లు టేపు పెట్టి కొలిస్తే మా పిన్ని పొయ్యి వంద గజాల లోపలికి వచ్చింది, కమానుకి మాకన్నా దగ్గరున్న మూడంతస్తుల హోటలు బయటికి పోయింది. ఆ టేపు రబ్బరుదని బాబాయి ఇప్పటికీ అంటాడు.

ఇప్పుడు సంచి సంగతి. అందులో సిమెంటు ఉంది. దొంగసొత్తు తెచ్చినట్టు తెచ్చాడు బాబాయి. తెల్లారేలోగా గోడ లేపేసి, పాతదిలా కనబడేలా మసి పూసేద్దామని పిన్ని ఉపాయం.

"షాకూ..."

బాబాయి తలెత్తాడు. కమాను మీద తెల్లటి ముఖం. తెల్లటి చేతులు. కనుబొమలు కూడా తెల్లగా...

"ఆ సంచిలో... ఏముంది?"

పోలీసులకైతే ఏదో ఒకటి చెప్పేవాడే. దెయ్యానికి అబద్ధం ఎలా చెప్పాలో తెలీలేదు.

"సి... సిమెంటు."

పైనుంచి కాస్త ఇసుక రాలింది. తర్వాత —

"రెండు తట్టలు... ఇచ్చి పోరా."

ఆ మాటతో పాటే దెయ్యానికి దగ్గు వచ్చింది. ఆ దగ్గు బాబాయికి బాగా తెలుసు. రోజూ పొద్దున్నే కమాను కింద వినబడే చుట్టదగ్గు.

"తాతా! నువ్వా?"

"అరవకు, వెధవా. ఉద్యోగం ఊడుతుంది. పైకి రా."

మెట్లు కమాను లోపలే ఉన్నాయి. పైన తాత టార్చి వేశాడు. నడిమి రాయి పక్కన పగులు — అరచెయ్యి దూరేంత. దానికి అడ్డంగా అతికించిన ఒక సన్నటి అద్దం ముక్క రెండుగా విరిగి ఉంది.

"ఇది ఆఫీసువాళ్లు పెట్టారురా. పగులు కదిలితే అద్దం విరుగుతుంది. విరిగితే నేను రాయాలి. తొమ్మిదిసార్లు విరిగింది, తొమ్మిదిసార్లు రాశాను. నిపుణులు వచ్చేదాకా దేన్నీ ముట్టుకోకు అంటారు."

"ఇంకేం చెయ్యరా?"

"ఎందుకు చెయ్యరు? కొత్త అద్దం ముక్క పంపిస్తారు."

నా రాకుమారి పట్టీలు అవండీ.

"నా మనవరాలు దీని కిందే బడికెళ్తుంది," అన్నాడు తాత, గొంతు ఇంకా తగ్గించి. "మీ పిల్లలూ అంతే. రాయి జారి ఎవరి నెత్తినో పడితే అది ప్రమాదం. జారకుండా నేను ఆపితే అది నేరం. నాలుగు నెలల్లో రిటైరవుతాను, ఇప్పుడు దొరికితే పెన్షను పోతుంది. అందుకే రాత్రిళ్లు కాస్త సున్నం... ఆ సున్నమూ ఇవాళ అయిపోయింది."

బాబాయి సంచి మొత్తం విప్పి, తాపీ కూడా తనే పట్టాడు. ఎవరికీ చెప్పనని ఒట్టు వేసి, ఇంటికొచ్చి పిన్నికి చెప్పాడు. పిన్ని ఒట్టు వేసి నాకు చెప్పింది. నేను షాపులో చెప్పబోతే, పట్టీల కథే బాగుందన్నారు.

నెల తర్వాత ఆఫీసరు వచ్చాడు. పొద్దున్నే వస్తానని చెప్పి చీకటి పడ్డాక జీపు దిగాడు. వీధంతా కమాను ముందు పోగైంది. ఆయన టార్చి పైకి వేశాడు. పగులు లేదు. నున్నటి పూత, దాని మీద తాత కొత్తగా అతికించిన అద్దం ముక్క, చెక్కు చెదరకుండా.

"చూడండి ఆ బూడిద రంగు! అదీ ఆ కాలం మేస్త్రీల పనితనం. ఇప్పటివాళ్ల చేతుల్లో ఆ విద్య ఎక్కడుంది?"

బాబాయి నేలచూపులు చూశాడు. పుట్టాక ఆయన్ని అంతగా ఎవరూ పొగడలేదు.

"అది మన వంటింటి గోడే," అంది పిన్ని నా చెవిలో, పళ్లు బిగించి.

ఆఫీసరు పైకే చదువుకుంటూ రాశాడు. "పగులు కనబడలేదు. నిపుణుల అవసరం లేదు. ఫైలు మూసివేయడమైనది. రేపటినుంచి బడి బస్సు కూడా దీని కిందనుంచే వెళ్లవచ్చు."

అందరూ చప్పట్లు కొట్టారు. తాత కొట్టలేదు. ఆయన మొహం ఆ రాత్రికన్నా తెల్లగా పాలిపోయింది.

"తాతా, ఊరుకో," అని గొణిగాడు బాబాయి. "ఇంక మూడు నెలలే..."

అప్పుడు —

టిక్.

చప్పట్లు ఆగిపోయాయి. టార్చి పైకి లేచింది. అద్దం ముక్క నడిమికి విరిగి ఉంది. సన్నటి ఇసుక ధార ఒకటి జారి, ఆఫీసరు రాసిన కాగితం మీద, ఇంకా ఆరని సంతకం మీద పడింది.

"రాకుమారి..." అన్నారెవరో.

ఆఫీసరు రెండడుగులు వెనక్కి వేశాడు. కాగితం దులిపి మడిచాడు. "గాలి. గాలికి విరిగింది. ఇలాంటివి రిపోర్టులో రాయలేం."

తాత మనవరాలు జీపు చూడాలని సరిగ్గా కమాను కింద నిలబడి ఉంది. తాత ఒక్క అంగలో వెళ్లి దాన్ని రెక్క పట్టుకుని ఇవతలికి లాగాడు. టోపీ తీశాడు. బిళ్ల ఊడదీసి టోపీలో వేశాడు. ఆయన గొంతు వీధి చివరిదాకా వినబడింది.

"పగులు ఉందండీ. లోపలే ఉంది, అరచెయ్యి పడుతుంది. పైపైన కప్పెట్టింది ఏ కాలం మేస్త్రీ కాదు, నేనే. రాత్రిళ్లు ఇక్కడ తిరిగే దెయ్యాన్ని నేనేనండీ."

ఆఫీసరు టార్చి తాత మొహం మీదికి తిప్పాడు. పిన్ని బాబాయి వీపులో వేలితో ఒక్క పోటు పొడిచింది. ఆయన దగ్గాడు. ముందుకి వచ్చి తాత పక్కన నిలబడ్డాడు.

"సిమెంటు... నాదండీ."