నాలుగు గంటల ఆరు నిమిషాలు

కుర్చీ చూపించినా డయానా కూర్చోలేదు. గుమ్మం పక్కనే నిలబడి, పైట చెంగు వేళ్ళకు చుట్టుకుంటూ చెప్పింది.

"మా ఆయన చంపలేదండీ. ఎల్లుండి చార్జిషీటు వేస్తారంట. ఆ తర్వాత మా మాట ఎవరూ వినరంట."

ఏలూరు రోడ్డు మీది ఆ రెండో అంతస్తు గదికి ఏడ్చేవాళ్ళు చాలామంది వస్తారు. ప్రైవేటు డిటెక్టివ్ అబ్రహాము ఏడుపును లెక్కలోకి తీసుకోడు. అది నిజాయితీపరులకూ వస్తుంది, దొంగలకూ వస్తుంది. అతని సహాయకురాలు శాలిని నోటుపుస్తకం తెరిచింది.

"మొదటినుంచి చెప్పమ్మా," అన్నాడతను.

డయానా భర్త యేసుకుమార్ మెకానిక్. రొయ్యల చెరువుల్లో నీటిని చిలికే ఏరేటర్లు బాగుచేస్తాడు. బంటుమిల్లి దగ్గర రత్తయ్య చెరువుకు సూరయ్య అనే ముసలాయన కాపలా.

"ఆ సోమవారం అమావాస్యండీ. మేత పనుండదు, తీరిగ్గా ఉంటాను, వచ్చి ఏరేటరు చూడరా అని సూరయ్య బాబాయే ముందురోజు ఫోన్ చేశాడు. మా ఆయన నాలుగున్నరకి వెళ్ళాడు. ఐదింటికి నీళ్ళల్లో శవం కనపడింది. తనే బయటికి లాగాడు, తనే అందరికీ ఫోన్లు చేశాడు."

"మరి ఆయన్నే ఎందుకు పట్టుకున్నారు?"

"వీడియో ఉందండీ. రత్తయ్యగారింట్లో టీవీలో చెరువు కనపడుద్ది. నాలుగింటికి బాబాయి బతికే ఉన్నాడని ఆయన కళ్ళారా చూశాడంట. ఆ తర్వాత గట్టు మీదికి మా ఆయన తప్ప ఎవరూ రాలేదని పక్క చెరువువాళ్ళు చెప్పారంట. పోయిన నెల వాళ్ళిద్దరికీ మాటామాటా వచ్చింది. అదీ కలిపారు."

ఆమె వెళ్ళాక, ఇచ్చిపోయిన కేసు కాగితాలు చూసి శాలిని అంది: "తల మీద ఇనుప రాడ్డు దెబ్బ. నీళ్ళల్లో ఉండటంతో ఏ వేళకు పోయాడో డాక్టరు కచ్చితంగా రాయలేదు సార్. వీడియోని బట్టే కట్టారు కేసు."

"అయితే వీడియోనే అడుగుదాం."

పటమటలో రత్తయ్య ఇంటి హాల్లో గోడంత టీవీ. దాని కింద చిన్న నల్ల పెట్టె.

"ఆ రోజు పొద్దున్నుంచీ నెట్ లేదండీ," అన్నాడు రత్తయ్య. "మూడింటికి సిద్ధార్థ బాబు వచ్చి సరిచేశాడు. ఆటోనగర్లో అతని షాపు. కెమెరాలు, సాఫ్ట్‌వేరు అన్నీ అతనివే. నలభై చెరువులకి పెట్టాడు. నాలుగింటికి బొమ్మ వచ్చింది. ఇదిగో చూడండి అంకుల్, సూరయ్య, అని అతనే చూపించాడు. పావుగంటకి మళ్ళీ పోయింది."

రికార్డింగు వేశారు. తెర మూల సమయం నాలుగు గంటల ఆరు నిమిషాలు. సూరయ్య తెప్ప మీద నిలబడి, బస్తాలోంచి మేత గుప్పిళ్ళతో చల్లుతున్నాడు. వెనక ఏరేటర్లు తిరుగుతున్నాయి.

అబ్రహాము రెండుసార్లు చూశాడు.

"చెరువు దగ్గరికి ఎన్నాళ్ళకోసారి వెళ్తారు?"

"ఇది పెట్టించాక వెళ్ళే పనేముందండీ? అన్నీ ఇందులోనే కనపడతాయిగా."

శాలిని తన లాప్‌టాప్‌ను ఆ పెట్టెకు కలిపింది. గంటసేపు తల ఎత్తలేదు. ఆ తర్వాత పక్క వీధికి వెళ్ళొచ్చింది. తిరుగుదారిలో కారులో చెప్పింది.

"కెమెరా పంపే బొమ్మనూ శబ్దాన్నీ అప్పటికప్పుడు తెర మీదికి తెచ్చేది సాఫ్ట్‌వేరులో లైబ్రరీ అనే ఒక ఫైలు సార్. మనం చూసేది చెరువును కాదు, ఆ ఫైలు ఇచ్చినదాన్ని. నలభై పెట్టెల్లోనూ ఒకటే ఫైలుండాలి. పక్క వీధిలో ఇంకో రైతు పెట్టె కూడా చూసొచ్చాను. అందులో ఫైలు మార్చి నెలది. రత్తయ్యగారి పెట్టెలోది మాత్రం హత్య జరిగిన మర్నాడు పెట్టింది."

"అంటే హత్య రోజున అక్కడున్నది వేరే ఫైలు."

"అవును సార్. ఇంకోటి. ఈ పెట్టెకి రెండు కెమెరాలు కలిపినట్టు నమోదై ఉంది. రెండోది టీవీకి రాదు. దాని బొమ్మ అటునుంచటే ఎక్కడికో పోయేది."

మర్నాడు ఉదయం చెరువు గట్టు మీద సూరయ్య కోడలు దుర్గ వాళ్ళకు స్తంభం చూపించింది. ఆమె భర్త సముద్రం మీద వేటకు వెళ్ళాడు. ఆ సోమవారం ఆమె కూడా పుట్టింట్లో ఉంది.

"ఇంకో కెమెరా ఉండేదండీ. మావయ్య పోయిన మర్నాడు ఆ కెమెరాల బాబొచ్చి ఊడదీసుకెళ్ళాడు. పాడైందన్నాడు."

స్తంభానికి స్క్రూల చిల్లులు కొత్తగా మెరుస్తున్నాయి. అవి చూసే దిక్కున చెరువు లేదు. వాళ్ళుండే గుడిసె వెనక తాటాకు తడికలు కట్టిన స్నానాలదొడ్డి ఉంది.

దారిలో అబ్రహాము ఈ కేసు చూస్తున్న ఎస్సైకి ఫోన్ చేశాడు.

ఆ సాయంత్రం రత్తయ్య హాల్లో అందరూ కూర్చున్నారు: రత్తయ్య, సిద్ధార్థ, డయానా, ఎస్సై. దుర్గను అబ్రహాము పిలవలేదు.

"ఆ వీడియోలో సూరయ్య ఏం చేస్తున్నాడు రత్తయ్యగారూ?"

"మేత వేస్తున్నాడు."

"ఆ రోజు తిథి ఏమిటి?"

రత్తయ్య వేళ్ళ మీద లెక్కపెట్టాడు. "అమావాస్య."

"అమావాస్యకి రొయ్య పెంకు వదులుతుంది. మేత ముట్టదు. వేస్తే అడుగున కుళ్ళి నీరు చెడుతుంది. ముప్ఫై ఏళ్ళు చెరువుల మీదున్నవాడు ఆ పూట బస్తా విప్పుతాడా?"

"విప్పడండీ. చచ్చినా విప్పడు."

సిద్ధార్థ నవ్వాడు. "అమావాస్య సెంటిమెంట్లు కోర్టులో చెప్తారా సార్?"

"రొయ్యకి సెంటిమెంట్లు లేవు బాబూ. పెంకు ఉంది. ఆ సంగతి చెరువులో దిగినవాడికి తెలుసు. నీకు తెలిసింది ఫైలు ఒక్కటే. పాత రికార్డింగు తీసి, దాని మీద ఆ రోజు సమయం ముద్ర వేసి చూపించే ఫైలు తయారుచేశావు. పని అయ్యాక అసలుది తిరిగి పెట్టావు. హత్యకు పదకొండు రోజుల ముందటి సాయంత్రం రికార్డింగు ఒక్కటే ఈ పెట్టెలో లేదని శాలిని చూసింది. అదెవరు తుడిచారు?"

సిద్ధార్థ చూపు టీవీ కింది పెట్టె మీదికి వెళ్ళింది.

"నాలుగింటికి సూరయ్య బతికే ఉన్నాడని నమ్మారు కాబట్టి, మధ్యాహ్నం ఎవరెక్కడున్నారని ఎవరూ అడగలేదు."

ఎస్సై కాగితం విప్పాడు. ఎవరి ముఖమూ చూడకుండా చదివాడు. "ఆ సోమవారం పన్నెండుంబావుకి సిద్ధార్థ ఫోను బంటుమిల్లి టవరు కింద ఉంది. ముందురోజు సూరయ్య ఇతనికి మూడుసార్లు ఫోన్ చేశాడు. రెండో కెమెరా ఇందాక షాపులో దొరికింది. అది తీసిన వీడియోలూ దొరికాయి."

"నా పెట్టెకి రెండో కెమెరా ఏంటి బాబూ?" అన్నాడు రత్తయ్య.

"సూరయ్య దాన్ని పీకెయ్యమన్నాడు," అన్నాడు సిద్ధార్థ నేల చూస్తూ. "పీకేస్తానన్నా వినలేదు. మీతో చెప్తానన్నాడు అంకుల్."

"నన్ను అంకుల్ అనకు," అన్నాడు రత్తయ్య.

నాలుగు రోజులకు యేసుకుమార్ జైలు గేటు దాటి వచ్చాడు. డయానా ఎండలో నిలబడి ఉంది. అబ్రహాము, శాలిని కొంచెం ఎడంగా నిలబడ్డారు. రత్తయ్య కారు తెచ్చుకుని ఎదురువచ్చాడు.

"పొరపాటైపోయిందిరా యేసూ. ఎక్కు. మళ్ళీ పనిలోకి వద్దువుగాని."

యేసుకుమార్ అతన్ని తేరిపార చూశాడు.

"ఆయన్ని పైకి లాగినప్పుడు ఒళ్ళు కట్టెలా బిగుసుకుపోయి ఉంది. పోయి చాలాసేపైందయ్యా అని మొదట ఫోన్ చేసింది మీకే. నాలుగింటికి టీవీలో చూశాను, అబద్ధాలాడకు అని పెట్టేశారు."

రత్తయ్య కారు తలుపు తెరిచి పట్టుకునే ఉన్నాడు. డయానా భర్త చెయ్యి పట్టుకుని బస్టాండు వైపు నడిపించుకుపోయింది.