శంకరవ్వ వేషం

ఆ మధ్యాహ్నం కరీంనగర్‌లో టీవీ కామెడీ షో షూటింగ్. హాలు కిటకిటలాడుతోంది. మేకప్ గదిలో సాయిచంద్ ముతక చీర కట్టుకుని, నెరిసిన విగ్గు సర్దుకుంటున్నాడు. సొంత జిల్లా, తను రాసిన స్కిట్టు, తనే వేసే వేషం. మనిషి మంచి హుషారు మీదున్నాడు.

ఆ వేషమే అతనికి అన్నం పెట్టింది. చొప్పదండిలో వాళ్ల ఎదురింట్లో మగ్గాలకు నూలు కండెలు చుట్టే శంకరవ్వకు తల వణికే జబ్బు. మాట నత్తి. సాయిచంద్ ఆమెను పేరుతో సహా టీవీకెక్కించాడు. జనం పడీపడీ నవ్వారు. ఊళ్లో పిల్లలు ఆమె వెంటపడి తలలూపారు.

"న...నన్నిడిసిపెట్టు కొడుకా. బజార్ల తిరగలేకపోతున్న" అని ఆమె వచ్చి ఏడిస్తే, ఆ ఏడుపునూ తర్వాతి స్కిట్టులో పెట్టాడు. జనం ఇంకా నవ్వారు. శంకరవ్వ తలుపేసుకుంది. మళ్లీ తియ్యలేదు. వాసన వచ్చాకే వాడకట్టుకు తెలిసింది.

ఇప్పుడు పౌడర్ వాసనలోంచి తడి నూలు వాసన సన్నగా తగిలింది. సాయిచంద్ అద్దంలోకి చూశాడు. విగ్గు వెంట్రుకలు ఊగుతున్నాయి. ఫ్యాన్ గాలి అనుకున్నాడు.

ఫ్యాన్ తిరగడం లేదు...

ఊగుతున్నది తల. రెండు చేతులతో గట్టిగా పట్టుకున్నాడు. ఆగలేదు. చెవి పక్కన ఎవరో గుసగుసలాడారు.

"మం...మంచిగ నేర్చుకున్నవు కొడుకా. ఇగ చెయ్."

"సాయన్నా, నీదే!" తోటి నటుడు మల్లేష్ తలుపు దగ్గర కేకేశాడు. సాయిచంద్ కదలనన్నాడు. కాళ్లు వినలేదు.

లైట్లు. చప్పట్లు.

"ఆ...ఆపుండ్రి" అన్నాడు. గొంతు ఆమెది. హాలు గొల్లుమంది.

"న...నవ్వకుండ్రి... నాకు నిజంగనే..."

విరగబడి నవ్వారు. మోకాళ్ల మీద పడ్డాడు. దండం పెట్టాడు. కన్నీళ్లకు మేకప్ కారింది. మల్లేష్ పొట్ట పట్టుకుని నవ్వాడు. కెమెరా ఇంకా దగ్గరికి జరిగింది. ఎవ్వరూ ఆపలేదు...

డాక్టర్లు ఏమీ తేల్చలేకపోయారు. వణుకు తగ్గలేదు. నత్తి వదల్లేదు. తల్లి కిష్టవ్వ కొడుకును చొప్పదండికి తెచ్చుకుంది.

ఒక పొద్దున అతనికి జావ తాగిస్తుంటే ఎదురుగా శంకరవ్వ ఇంట్లోంచి మాటలు వినబడ్డాయి. ఆమె చెవులు రిక్కించింది. కొడుకు పాత గొంతు! తేటగా, హుషారుగా, జోకు మీద జోకు చెబుతోంది.

ముందర కూర్చున్న కొడుకు పెదాలు మాత్రం కదలడం లేదు.

కిష్టవ్వ వీధి దాటింది. తలుపుకి తాళం. తాళం మీద సాలెగూడు. చెక్కకు చెవి ఆనించింది. లోపల జోకు ఆగింది.

"ఎవలు... బిడ్డా, నువ్వేనా?"

తలుపుకి అవతల, తన చెవి దగ్గరే...

"పోవే అవ్వా. ఆమె ఇంకా నవ్వలే."